ఇతర పరిమాణాల విశ్వవిద్యాలయం: నా ముసాయిదా

ఎక్కడా లేని విశ్వవిద్యాలయం ఒకదాన్ని కాగితం మీద కట్టుకుంటూ పోవడం నాకు చాలాకాలంగా ఉన్న వ్యసనం. అక్కడ బోధించేది ఒకే ఒక్క విషయం: పొడవు, వెడల్పు, ఎత్తు అనే మూడింటికి అవతల ఉండగల పరిమాణాలు, అంటే మామూలు మాటల్లో డైమెన్షన్లు. ఈ ఊహ నాకే కొత్తగా పుట్టిందేమీ కాదు. అమెరికా భయానక కథల్లో మసాచుసెట్స్ రాష్ట్రంలో ఉన్నట్టు చెప్పే మిస్కటానిక్ అనే కల్పిత విశ్వవిద్యాలయం పాఠకులకు పాత పరిచయమే. అక్కడి విద్యార్థి ఒకడు ఉన్నత గణితాన్నీ పాతకాలపు మంత్రగత్తెల గాథలనూ కలిపి చదివి, తన అద్దెగదిలోని వింత కోణాల గుండా మనకు తెలియని స్థలాల్లోకి జారిపోతాడు. ఆ తరహా కథల్లోని విద్యాలయాలు చాలావరకు ఒకే అచ్చులో పోసినట్టుంటాయి: తాళం వేసిన గ్రంథం ఒకటి, మతి చలించిన ఆచార్యుడు ఒకడు, తెరవకూడని తలుపు ఒకటి. నా ముసాయిదాలో ఆ తలుపు లేదు. అట్టముక్కలు, రంగు వేసిన చెక్క ఘనాలు, ఎముకల కొలతలు, సన్నని తీగకు వేలాడే లోహపు బిళ్ల ఉన్నాయి. ఆచార్యులను కూడా నేను కల్పించలేదు, అందరినీ చరిత్రలోంచే పిలిచాను. అలా పిలుస్తూ పోయేసరికి ముసాయిదా మొత్తాన్ని తిరగరాయించిన సంగతి ఒకటి బయటపడింది: ఈ విద్యను నిలబెట్టినవాళ్లలో చాలామంది తమ కాలపు విశ్వవిద్యాలయాలకు గడప బయటో, గడప మీదో నిలబడినవాళ్లే.

నిబంధనావళిలో మొదటి నిబంధన ఏమిటంటే, పరిమాణం అంటే లోకం కాదు. వేరే డైమెన్షన్ నుంచి వచ్చిన ఆత్మ అంటూ వీడియోలకు పెట్టే శీర్షికలు చూసి చూసి నాకు ఈ విషయంలో కొంత మొండితనం వచ్చింది. ఒక వస్తువు ఎక్కడుందో కచ్చితంగా చెప్పడానికి ఒకదానిపై ఒకటి ఆధారపడని సంఖ్యలు ఎన్ని కావాలో అన్ని పరిమాణాలు ఉన్నట్టు లెక్క; గదిలో ఎగిరే దోమ చోటు చెప్పడానికి మూడు చాలు, అది ఎప్పుడు అక్కడుందో కూడా చెప్పాలంటే నాలుగు కావాలి. మన పురాణాల్లోని పద్నాలుగు లోకాలు ఈ లెక్కలోకి రావు, వాటిని ఇందులోకి లాగడం పురాణానికీ గణితానికీ రెంటికీ అన్యాయమే. భాగవతం నవమ స్కంధంలో రైవతుడు తన కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడగడానికి బ్రహ్మలోకం వెళ్లి, అక్కడి గానం ముగిసేదాకా కాసేపు ఆగుతాడు. ఆ కాసేపట్లో భూమి మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయని బ్రహ్మ నవ్వుతూ చెబుతాడు. ఎంతో గొప్ప కథ, కానీ అది కాలం సాగే వేగానికి సంబంధించిన ఊహ, కొత్త దిక్కు గురించిన ఊహ కాదు. ఆ కథను సాహిత్య శాఖ వాళ్లు చెప్పుకోవచ్చు, నాకేమీ అభ్యంతరం లేదు.

జ్యామితి శాఖతో మొదలుపెట్టాలి. 1854 జూన్ 10న జర్మనీలోని గొట్టింగెన్‌లో బెర్న్‌హార్డ్ రీమన్ అనే గణితవేత్త ఇచ్చిన ఉపన్యాసమే ఈ శాఖకు పునాదిరాయి అని అందరూ అంటారు, నేనూ కాదనను. అధ్యాపక అర్హత కోసం అతడు మూడు అంశాలు ఇస్తే, అలవాటు ప్రకారం మొదటిదాన్ని ఎంచుకోకుండా, అతడి గురువు గౌస్ మూడోదైన జ్యామితి పునాదులనే ఎంచుకున్నాడు. ఎన్ని పరిమాణాలున్న స్థలాన్నైనా కొలవడం ఎలాగో రీమన్ ఆ ఉపన్యాసంలో చెప్పాడు. అయితే శాఖాధిపతి కుర్చీ మాత్రం నేను అతడికి ఇవ్వలేదు. అది స్విట్జర్లాండుకు చెందిన లుడ్విగ్ ష్లాఫ్లీకి దక్కింది.

ష్లాఫ్లీ టూన్ అనే చిన్న పట్టణంలో పదేళ్లు బడిపంతులుగా పనిచేసి, తీరిక వేళల్లో గణితం చదువుకున్నవాడు. అనేక భాషలు నేర్చినవాడు కావడం వల్ల 1843లో యాకోబీ, డిరిక్లే, స్టైనర్ వంటి గణిత ఉద్దండులు రోమ్ నగరానికి వెళుతూ తమకు దుబాసీగా అతణ్ణి వెంటబెట్టుకుపోయారు. తరువాత బెర్న్‌లో చాలీచాలని ఆదాయంతో అధ్యాపకుడిగా ఉంటూ, 1850 నుంచి 1852 వరకు కూర్చుని, ఎన్ని పరిమాణాల స్థలానికైనా వర్తించే జ్యామితిని ఒక పెద్ద గ్రంథంగా రాశాడు. వియన్నా అకాడమీ దాన్ని అచ్చువేయలేదు, బెర్లిన్‌లోనూ అదే గతి పట్టింది. అతడు 1895లో కన్నుమూశాడు. పుస్తకం పూర్తిగా వెలువడింది 1901లో. రీమన్ ఉపన్యాసానికి రెండేళ్ల ముందే తయారైన ఆ రాతప్రతిలో ఉన్న ఫలితాల్లో ఒకటి నన్ను ఇప్పటికీ కూర్చున్న చోటునుంచి కదలనివ్వదు. మన మూడు పరిమాణాల్లో అన్ని ముఖాలూ ఒకే తీరుగా ఉండే కుంభాకార ఘనరూపాలు అయిదే ఉన్నాయని గ్రీకుల కాలం నుంచి తెలుసు. నాలుగు పరిమాణాల్లో అటువంటివి ఆరు ఉంటాయని ష్లాఫ్లీ చూపించాడు. అయిదు పరిమాణాలకు వెళితే సంఖ్య ఇంకా పెరుగుతుందని ఎవరైనా అనుకుంటారు. పెరగదు, మూడుకు పడిపోతుంది. అక్కడి నుంచి పైకి ఎంత దూరం వెళ్లినా మూడే. నాలుగో మెట్టు మీదనే ఇంత సంపద ఎందుకు కుప్పపడిందో రుజువు చదివితే అర్థమవుతుంది, ఆశ్చర్యం మాత్రం తగ్గదు. ఆ ఆరింటిలో ఇరవై నాలుగు అష్టముఖులు కలిసి ఏర్పడే ఒక రూపానికి కింది పరిమాణాల్లోగానీ పై పరిమాణాల్లోగానీ దీటైనది లేనే లేదు.

ఇక ప్రయోగశాల సంగతి. గణితానికి ప్రయోగశాల ఏమిటని అడిగేవాళ్లకు నా జవాబు అలీసియా బూల్. తర్కానికి బీజగణితాన్ని ఇచ్చిన జార్జ్ బూల్‌కు ఆమె మూడో కూతురు, 1860లో ఐర్లండులో పుట్టింది. నాలుగేళ్లకే తండ్రి పోయాడు. తల్లి మేరీ ఎవరెస్ట్‌ది ఎవరెస్ట్ శిఖరానికి పేరిచ్చిన సర్వేయరు జార్జ్ ఎవరెస్ట్ కుటుంబమే, అతడికి ఆమె అన్నదమ్ముల బిడ్డ. ఆ ఎవరెస్ట్ 1819లో నిజాం రాజ్యంలో కృష్ణా గోదావరుల మధ్య అడవుల్లో కొలతలు తీస్తూ విషజ్వరాన పడి, కోలుకోవడానికి ఆఫ్రికా దక్షిణపు కొసకు ఓడ ఎక్కవలసి వచ్చింది. ఆ మనిషి నేలను కొలిస్తే, అతడి తమ్ముడి మనవరాలో అన్న మనవరాలో అయ్యే ఈ అమ్మాయి కాలు పెట్టలేని చోటును కొలిచింది. అలీసియాకు బడి చదువు లేదు, కళాశాల చదువు అసలే లేదు. ఇంటికి వచ్చిపోతూ ఉండే చార్లెస్ హోవర్డ్ హింటన్ అనే ఉపాధ్యాయుడు నాలుగో పరిమాణాన్ని మనసుకు అలవాటు చేయడానికి రంగురంగుల చెక్క ఘనాలు తెచ్చి పిల్లల ముందు పేర్చేవాడు. మిగతావాళ్లకు అది ఆట. అలీసియా మాత్రం కొద్దికాలంలోనే తెచ్చినవాణ్ణి దాటిపోయింది.

ఆమె చేసిన పని ఏమిటో తెలియాలంటే వంటింట్లోకి వెళ్లాలి. నా విశ్వవిద్యాలయంలో మొదటి ఏడాది మొదటి ప్రాక్టికల్ ఇదే. ఒక పెద్ద బంగాళాదుంపను చక్కని సమఘనంగా చెక్కి, ఒక మూల మీద నిలిచేలా పట్టుకుని, పై మూల నుంచి కత్తితో అడ్డంగా పొరలు పొరలుగా కోస్తూ దిగాలి. కత్తికి మొదట తగిలేది చిన్న త్రిభుజం. పొర పొరకూ అది పెరుగుతుంది, తరువాత దాని మూడు మూలలూ తెగిపోయి ఆరు భుజాల ఆకారం అవుతుంది, సరిగ్గా నడిమికి చేరేసరికి ఆరు భుజాలూ సమానమైన షడ్భుజి కత్తి కింద కనిపిస్తుంది. చదరాలతో చేసిన వస్తువులో షడ్భుజి దాగి ఉందని మొదటిసారి చూసినవాళ్లు ఆ ముక్కను ఇటూ అటూ తిప్పి చూడకుండా ఉండరు. ఇప్పుడు ఎత్తు అనేది ఏమిటో ఎరగని, బల్లమీద పరుచుకుని బతికే జీవి ఒకటి ఉందనుకుంటే, ఆ ఘనం బల్లగుండా దిగిపోతున్నప్పుడు దానికి కనిపించేది ఈ వరసే: చుక్క, త్రిభుజం, షడ్భుజి, మళ్లీ తలకిందులైన త్రిభుజం, చుక్క. నాలుగు పరిమాణాల ఘనాన్ని, అంటే పదహారు మూలలు, ముప్పై రెండు అంచులు, ఇరవై నాలుగు చదరాలు, ఎనిమిది ఘనాలు ఉన్న టెసరాక్ట్‌ను, మన గదిగుండా అదే పద్ధతిలో మూల ముందుగా దింపితే మనకు మొదట చుక్క కనిపిస్తుంది, అది చతుర్ముఖిగా ఉబ్బుతుంది, దాని మూలలు తెగుతాయి, నట్టనడుమ నిండైన అష్టముఖిగా మారి, మళ్లీ వచ్చిన దారినే తగ్గిపోతుంది. అలీసియా ఇటువంటి కోతలనే ఇంతకంటే ఎన్నో రెట్లు చిక్కైన రూపాలకు, ఆరువందల చతుర్ముఖులతో ఏర్పడేదానికీ, నూట ఇరవై ద్వాదశముఖులతో ఏర్పడేదానికీ, మనసులోనే తీసి, ప్రతి కోతనూ అట్టతో కత్తిరించి, మడిచి, అతికించి నిలబెట్టింది. నాలుగు పరిమాణాల్లో ఆరు రూపాలే ఉంటాయని ష్లాఫ్లీ పేరైనా వినకుండా సొంతంగా కనిపెట్టింది.

1890లో ఆమె వాల్టర్ స్టాట్ అనే బీమా గణకుణ్ణి పెళ్లి చేసుకుని ఇల్లూ పిల్లల పనిలో మునిగిపోయింది. నెదర్లాండ్స్‌లోని గ్రోనింగెన్ విశ్వవిద్యాలయంలో పీటర్ స్కౌటే అనే ఆచార్యుడు ఇదే విషయం మీద పత్రాలు రాస్తున్నాడని తెలిసి, తన అట్టబొమ్మల ఛాయాచిత్రాలు తీయించి అతడికి పంపింది. అతడు లెక్కలు కట్టి సాధించిన కోతలూ ఆమె కళ్లు మూసుకుని చూసిన కోతలూ ఒక్కటే. మంచి ఆచార్యుడు కనుక వెంటనే ఇంగ్లండు ప్రయాణం కట్టాడు. ఇరవై ఏళ్లకు దగ్గరగా ఇద్దరూ కలిసి పనిచేశారు. 1914లో గ్రోనింగెన్ ఆమెకు గౌరవ డాక్టరేటు ఇచ్చేనాటికి స్కౌటే లేడు. ప్రయోగశాలకు ఆమె పేరు పెట్టడంతో నేను ఆగలేదు. ఉపకులపతి పదవే ఆమెకు రాసిపెట్టాను.

హింటన్‌తోనే చిక్కు వచ్చిపడింది. టెసరాక్ట్ అన్న పేరు 1888లో పెట్టినవాడు అతడే. అలీసియా పెద్దక్కను పెళ్లాడినవాడూ అతడే. ఆపైన మారుపేరుతో మరొకామెను కూడా పెళ్లాడి, 1886లో నేరం రుజువై మూడు రోజులు జైల్లో ఉండి, ఉద్యోగం పోగొట్టుకుని జపాను వెళ్లిపోయాడు. అక్కడి నుంచి అమెరికా చేరి, ప్రిన్స్‌టన్‌లో గణితం చెబుతూ, బేస్‌బాల్ ఆటగాళ్ల సాధన కోసం తుపాకిమందుతో బంతిని విసిరే యంత్రం 1897లో తయారుచేశాడు. పాఠం చెప్పడానికి ఇంతకంటే ఉత్సాహవంతుడు దొరకడు, వసతిగృహం బాధ్యత మాత్రం అప్పగించలేం. అతిథి అధ్యాపకుడిగా ఉంచి, యంత్రాన్ని గేటు బయటే పెట్టించాను.

నేను అన్నిటికంటే ముఖ్యమనుకునే శాఖ మోసాల శాఖ. దాని ఆచార్యుడిగా గణితవేత్త పనికిరాడు, చేతివాటం తెలిసిన గారడీవాడే కావాలి. ఎందుకంటే లైప్‌జిగ్‌లో యోహాన్ జోల్నర్ అనే పేరున్న ఖగోళ భౌతికవేత్త, 1877 చివర్లో హెన్రీ స్లేడ్ అనే అమెరికా మాంత్రికుణ్ణి ఇంటికి పిలిపించుకుని, రెండు కొసలూ కలిపి లక్క ముద్ర వేసిన తాడును అతడి ముందుంచాడు. ఆ స్లేడ్‌కు అంతకుముందు సంవత్సరమే లండన్‌లో మోసం కేసులో శిక్షపడి, సాంకేతిక కారణంతో అది రద్దయింది. ముద్ర చెదరకుండానే తాడులో నాలుగు ముడులు పడ్డాయి. నాలుగో పరిమాణం ఉంటే కొసలు విప్పకుండానే ముడి వేయవచ్చు, విప్పవచ్చు అనేది గణితం ఒప్పుకునే నిజమే. అదే జోల్నర్ కొంప ముంచింది. సిద్ధాంతం నిజం కనుక తన బల్లమీద జరిగింది కూడా నిజమని అతడు నమ్మాడు. అతుకు లేని రెండు చెక్క ఉంగరాలను ఒకదానిలో ఒకటి దూర్చి చూపమని ఇంకా గట్టి పరీక్ష పెడితే, ఉంగరాలు ఒకదానిలో ఒకటి దూరలేదు. దగ్గర్లో ఉన్న చిన్న బల్లకాలికి తొడిగి కనిపించాయి. అడిగింది ఒకటి, జరిగింది ఇంకొకటి, అయినా అతడు సంతోషించాడు. ఆ బల్లకాలి నమూనాను ఈ శాఖ గుమ్మం పక్కన పెట్టించాలని ఉంది.

దత్తాంశాల శాఖకు మనవాడే అధిపతి. వాల్తేరులో ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో గణితం చదివిన సి.ఆర్. రావు, సైన్యపు సర్వే విభాగంలో ఉద్యోగం కోసం కలకత్తా వెళ్లి, అది దక్కక, 1941లో ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో చేరారు. 1946లో ఆయన్ను కేంబ్రిడ్జికి పిలిచిన పని విచిత్రమైనది: సూడాన్‌లోని జెబెల్ మోయా అనే చోట తవ్వకాల్లో దొరికిన పురాతన అస్థిపంజరాల కొలతలను విశ్లేషించి, ఆ మనుషులకు ఇతర జాతులతో ఉన్న దగ్గరితనం ఎంతో తేల్చాలి. పుర్రె పొడవు ఒక సంఖ్య, వెడల్పు ఒకటి, ముక్కు ఎత్తు ఒకటి, ఇలా ప్రతి పుర్రెకూ ఎన్ని కొలతలుంటే అన్ని పరిమాణాల స్థలంలో అది ఒక బిందువు అవుతుంది; రెండు జాతుల మధ్య దూరాన్ని ఆ స్థలంలో కొలిచే పద్ధతిని ఆ ఇన్‌స్టిట్యూట్ స్థాపకుడు మహలనోబిస్ 1936లోనే ఇచ్చి ఉన్నారు. ఇక్కడ పరిమాణం ఏ అదృశ్య లోకంలోనూ లేదు, మ్యూజియం బల్లమీద కొలబద్ద పక్కనే ఉంది. నేటి కృత్రిమ మేధ పనిచేసేదీ వేల పరిమాణాలున్న ఇటువంటి స్థలాల్లోనే.

అటువంటి స్థలాల్లో మన సహజబుద్ధి ఎంతగా తప్పుతుందో చెప్పే లెక్క ఒకటి ఈ శాఖ గోడ మీద రాయిస్తాను. ఒక బత్తాయి తొక్క మందం దాని వ్యాసార్ధంలో నూరో వంతు అనుకుంటే, మన మూడు పరిమాణాల్లో ఆ తొక్క మొత్తం ఘనపరిమాణంలో సుమారు 3 శాతం. అదే బత్తాయి నూరు పరిమాణాల్లో పండితే తొక్కే 63 శాతం. వెయ్యి పరిమాణాల్లోనైతే తొనలు దాదాపు శూన్యం, కొనుక్కున్నదంతా తొక్కే.

భౌతికశాస్త్ర శాఖ గురించి ఎంతైనా రాయవచ్చు, కానీ ఆ కథ చాలామందికి కొంత తెలిసిందే. కోనిగ్స్‌బర్గ్‌లో స్థిరమైన జీతం లేని అధ్యాపకుడు థియోడర్ కలూజా 1919లో ఐన్‌స్టీన్‌కు ఒక పత్రం పంపాడు: నాలుగు బదులు అయిదు పరిమాణాలు తీసుకుంటే గురుత్వమూ విద్యుదయస్కాంతత్వమూ ఒకే సమీకరణాల నుంచి వస్తున్నాయి. ఐన్‌స్టీన్ మెచ్చుకున్నాడు, తరువాత సందేహించాడు, పత్రం అచ్చయ్యేసరికి 1921 వచ్చింది. ఆ అయిదోది కనిపించదేమంటే, అది పరమాణువు కంటే ఎంతో చిన్నగా చుట్టచుట్టుకుని ఉండవచ్చని 1926లో ఆస్కర్ క్లైన్ చెప్పాడు. కలూజాకు ఆచార్య పదవి 1929లోగానీ రాలేదు.

ఈ శాఖలో నాకు ఇష్టమైన గది సిద్ధాంతానిది కాదు, తీగది. గురుత్వం దూరపు వర్గానికి విలోమానుపాతంగా తగ్గడానికి కారణం స్థలానికి మూడు పరిమాణాలు ఉండటమే. నాలుగుంటే దూరపు ఘనానికి విలోమంగా తగ్గేది, గ్రహాలకు నిలకడైన కక్ష్యలు ఉండేవి కావని 1917లోనే ఎరెన్‌ఫెస్ట్ అనే భౌతికవేత్త చూపించాడు. కనుక చాలా దగ్గరి దూరాల్లో ఈ నియమం ఏమాత్రం తప్పినా, చుట్టుకున్న పరిమాణం తొంగిచూసినట్టే. అమెరికాలోని వాషింగ్టన్ విశ్వవిద్యాలయంలో, సన్నని తీగకు వేలాడే బిళ్ల కింద మరో బిళ్లను తిప్పుతూ, తీగ ఎంత మెలిపడుతోందో ఏళ్ల తరబడి కొలిచారు. 2020 నాటికి సుమారు 52 మైక్రోమీటర్ల వరకు, అంటే మిల్లీమీటరులో ఇరవయ్యో వంతు దాకా, నియమం చెక్కుచెదరలేదు. 2017 ఆగస్టు 17న సుమారు 13 కోట్ల కాంతి సంవత్సరాల దూరంలో రెండు న్యూట్రాన్ నక్షత్రాలు ఢీకొన్నప్పుడు వచ్చిన గురుత్వ తరంగాలూ అదే చెప్పాయి: దారిలో మరో పరిమాణంలోకి కొంత కారిపోయి ఉంటే అవి బలహీనపడి చేరేవి, కానీ వాటి ద్వారా లెక్కకట్టిన దూరమూ కాంతి చెప్పిన దూరమూ సరిపోయాయి. ఇప్పటివరకు వచ్చిన జవాబులన్నీ లేదు అనే. ఇంత ఓపికతో సంపాదించిన లేదు అనే జవాబును ఉన్నదున్నట్టు ప్రకటించేవాళ్లకు నా విశ్వవిద్యాలయంలో పదోన్నతి ఆగదు. ఈ ఒక్క నిబంధన అమలు చేయడానికైనా కల్పిత విశ్వవిద్యాలయమే కావాలేమో.

ప్రవేశాలకు పాత మార్కుల జాబితాలు అడగకూడదని నిర్ణయించాను. అడిగితే ఉపకులపతికే సీటు రాదు. బదులుగా ఇంటర్వ్యూలో ఒకే ప్రశ్న ఉంటుంది: ఎడమకాలి చెప్పును కోయకుండా, వంచకుండా, సాగదీయకుండా కుడికాలి చెప్పుగా మార్చడం ఎలా? కాగితం మీద గీసిన ఎడమ పాదాన్ని కత్తిరించి, ఎత్తి, బోర్లా తిప్పి పెడితే కుడి పాదం అవుతుంది, ఎందుకంటే కాగితానికి లేని మూడో దిక్కు మన చేతికి ఉంది. చెప్పు విషయంలోనూ అంతే, నాలుగో దిక్కులో ఒక్కసారి తిప్పితే చాలు. ఆగస్ట్ మోబియస్ 1827లోనే ఈ సంగతి గ్రహించి రాసి, అటువంటి స్థలాన్ని ఊహించలేము కనుక ఇది జరగని పని అని ఆ పక్క వాక్యంలోనే వదిలేశాడు. అతడు దరఖాస్తు పెట్టుకుంటే వెయిటింగ్ లిస్టులో ఉంచుతాను.